అక్షరం పొల్లుపోకుండా: లిటరేటిమ్ అనే మాట కథ

ఈసారి ఒక ఇంగ్లీషు మాటతో మొదలుపెడుతున్నాను. ఆ మాట లిటరేటిమ్. కొందరు లిటరాటిమ్ అని కూడా పలుకుతారు. ఇది క్రియా విశేషణం, అంటే పని ఎలా జరిగిందో చెప్పే మాట. వేరేవాళ్ళు రాసినదాన్ని మనం తిరిగి రాసేటప్పుడు ఒక్క అక్షరం కూడా మార్చకుండా దించితే, లిటరేటిమ్ రాశాం అంటారు.

దీని అన్నగారు వెర్బేటిమ్ మీకు తెలిసే ఉంటుంది. లాటిన్‌లో వెర్బుమ్ అంటే మాట, లిటెరా అంటే అక్షరం. వెర్బేటిమ్ ఇంగ్లీషులోకి 15వ శతాబ్దంలో వచ్చింది. లిటరేటిమ్ 17వ శతాబ్దంలో వచ్చింది. పాత దస్తావేజుల్లో, పాత పుస్తకాల ముందుమాటల్లో రెండూ జంటగా కనిపిస్తాయి: వెర్బేటిమ్ ఎట్ లిటరేటిమ్. "మాటకి మాట, అక్షరానికి అక్షరం" అని అర్థం. లిటరల్లీ అనే మాటకి, దీనికి చుట్టరికం ఉంది కానీ పని వేరు. లిటరల్లీ అర్థం గురించి మాట్లాడుతుంది. లిటరేటిమ్ స్పెల్లింగ్ గురించి మాట్లాడుతుంది.

తేడా ఒక ఉదాహరణతో చెప్తాను. వంద ఏళ్ళ కిందటి తెలుగు పుస్తకంలో "వాఁడు" అని అరసున్నతో ఉందనుకోండి. మీరు "వాడు" అని టైపు చేశారు. అది వెర్బేటిమే, ఎందుకంటే మాట మారలేదు. లిటరేటిమ్ మాత్రం కాదు, అరసున్న పోయింది కదా. నోటితో అన్న మాటని ఎవరూ లిటరేటిమ్ చెప్పలేరు. నోటికి స్పెల్లింగ్ లేదు. ఈ మాట రాతకే పనికొస్తుంది.

ఇక్కడ మన తెలుగు గురించి ఒక సరదా సంగతి. ఇంగ్లీషులో పెరిగిన మనకి "అని" దగ్గర తడబాటు వస్తుంది. రవి "నేను రేపు వస్తాను" అన్నాడు. ఇంగ్లీషులో దాన్ని వేరేవాళ్ళకి చెప్పేటప్పుడు "నేను" కాస్తా "అతను" అయిపోతుంది, క్రియ కూడా మారుతుంది. తెలుగులో "రవి రేపు వస్తానన్నాడు" అంటాం. "వస్తాను" అనే రవి మాట లోపల అలాగే ఉంది. "రవి రేపు వస్తాడన్నాడు" అంటే వచ్చేది ఇంకెవరో అయిపోతారు. అంటే మన వ్యాకరణం చాలావరకు వెర్బేటిమ్. కానీ "వస్తాను", "అన్నాడు" కలిసి "వస్తానన్నాడు" అయ్యేసరికి ఒక ఉకారం మాయమైంది. కాబట్టి లిటరేటిమ్ కాదు! సంధి ఉన్న భాషలో అక్షరాలు అంత సులభంగా చెప్పినమాట వినవు.

మరి లిటరేటిమ్‌కి తెలుగు మాట ఏమిటి? ఒకటి కాదు, నాలుగైదు ఉన్నాయి. ఒక్కోదాని రుచి వేరు.

"ఉన్నదున్నట్టు" అన్నిటికంటే సాదా మాట. "యథాతథంగా" అంటే అదే అర్థం, కానీ పత్రికల వాసన వస్తుంది. "అక్షరం పొల్లుపోకుండా" నాకు చాలా ఇష్టం. పొల్లు అంటే గింజ లేని వట్టి పొట్టు, తాలు. అచ్చు లేని హల్లుని కూడా పొల్లు అంటారు, "న్" ని నకారపొల్లు అంటాం కదా. అంత చిన్నది కూడా జారిపోకుండా అన్నమాట. లిటరేటిమ్‌కి ఇంతకన్నా దగ్గరి మాట నాకు కనబడలేదు.

"తు.చ. తప్పకుండా" అని ఇంకోటి ఉంది. సంస్కృతంలో "తు" అంటే అయితే, "చ" అంటే మరియు. శ్లోకంలో పాదం నిండడానికి ఒక్కోసారి వీటిని ఊరికే వేస్తారు. అలాంటి తు, చ కూడా వదలకుండా అని దీని భావం. ఇప్పుడు దీన్ని రాతకంటే పనులకే ఎక్కువగా వాడుతున్నారు. "డాక్టరు చెప్పింది తు.చ. తప్పకుండా పాటించాను" అంటారు. ఇది మెచ్చుకోలు.

"మక్కికి మక్కి" మాత్రం తిట్టు. మక్కీ అంటే హిందీలో ఈగ. ఒక లేఖకుడు పాత కాగితాన్ని చూసి రాస్తున్నాడట. ఆ కాగితం మీద ఒక చచ్చిన ఈగ అంటుకుని ఉంది. ఈయన కూడా ఒక ఈగని పట్టి, చంపి, సరిగ్గా అదే చోట అంటించాడట. పరీక్షలో పక్కవాడి పేపరు తప్పులతో సహా దించేస్తే "మక్కికి మక్కి దించేశాడు" అంటారు. మీరు మీ ప్రొఫెసర్ పని గురించి ఈ మాట అనకండి.

ఆ ఈగ కథలోనే అసలు ప్రశ్న ఉంది. పాత రాతలో తప్పు కనిపిస్తే దిద్దాలా, అలాగే దించాలా? నవ్వొచ్చినా సరే, నేను ఈగ అంటించినవాడి వైపే కొంచెం మొగ్గుతాను. ఎందుకో చెప్తాను.

ముందు అమెరికా సంగతి ఒకటి. 1804 నుంచి 1806 వరకు లూయిస్, క్లార్క్ అనే ఇద్దరు పసిఫిక్ సముద్రం దాకా వెళ్ళి వచ్చారు. దారి పొడుగునా డైరీలు రాశారు. క్లార్క్ స్పెల్లింగ్ ఘోరం. సూ అనే తెగ పేరుని 20కి పైగా రకాలుగా రాశాడు. 1814లో నికొలస్ బిడిల్ ఆ డైరీల నుంచి చక్కటి ఇంగ్లీషులో ఒక కథనం తయారుచేశాడు. చదవడానికి బాగుంటుంది, కానీ అందులో క్లార్క్ గొంతు లేదు. 1904, 1905 సంవత్సరాల్లో రూబెన్ గోల్డ్ థ్వెయిట్స్ ఆ డైరీలని పాత స్పెల్లింగ్‌తోనే అచ్చువేయించాడు. అప్పుడు భాష చదివేవాళ్ళకి పండగ అయింది. దోమ అనే మాటకి క్లార్క్ చివర్లో "ర్" పెట్టి "మస్కీటర్" లాగా రాశాడు. అంటే అతని నోట్లో ఆ మాట అలా పలికేదని అర్థమవుతుంది. బడిలో సరిగ్గా నేర్చుకున్నవాడి స్పెల్లింగ్ మనకి బడి గురించే చెప్తుంది. చెవితో రాసినవాడి స్పెల్లింగ్ ఆ మనిషి మాటనే వినిపిస్తుంది.

మన దగ్గర ఇదే సంగతి ఇంకా పాతది. తాటాకు మీద ఇనుప గంటంతో గీసి, మసి పూసేవాళ్ళు. మాటల మధ్య ఖాళీ ఉండదు. ఆకు పాడైపోయే లోపల ఎవరో ఒకరు కొత్త ఆకు మీద మళ్ళీ రాయాలి. అలా రాసిన లేఖకులు చాలామంది చివర్లో ఒక మాట పెట్టేవారు: చూసింది చూసినట్టు రాశాను, తప్పులుంటే దోషం నాది కాదు అని. ఇది లిటరేటిమ్ ప్రమాణం లాంటిదే. అయినా చెయ్యి చెయ్యే. ప్రతి నకలులోనూ ఏదో ఒకటి మారేది.

19వ శతాబ్దంలో సి.పి. బ్రౌన్ ఆ తాటాకులు సేకరించి, పండితులకి జీతాలిచ్చి, ఒకే పుస్తకానికి ఉన్న చాలా ప్రతులని పక్కపక్కన పెట్టి పోల్చి చూడమన్నాడు. వేమన పద్యాలు ఆయన ఇంగ్లీషు అనువాదంతో 1829లో అచ్చయ్యాయి. ఆయన లేకపోతే చాలా పుస్తకాలు పోయేవి. కానీ పోల్చి దిద్దే పనిలో ఒక చిక్కు ఉంది. దిద్దేవాళ్ళు పండితులు. వాళ్ళకి వ్యాకరణం తెలుసు. వ్యాకరణానికి సరిపోని రూపం కనిపిస్తే "లేఖకుడి తప్పు" అనుకోవడం సహజం. తరవాత గిడుగు రామమూర్తి గారు వాడుక భాష కోసం పోరాడినప్పుడు, పాత వచనాల్లోంచి ఏరి ఏరి అలాంటి రూపాలే చూపించారు. మీరు తప్పు అంటున్నవి మన పెద్దవాళ్ళు రాసుకున్నవే కదా అన్నది ఆయన వాదం. ఆకు మీద ఉన్నది ఉన్నట్టు మిగిలినచోటే ఆ వాదానికి సాక్ష్యం దొరుకుతుంది.

శాసనాలు చదివేవాళ్ళు ఈ విషయంలో చాలా కచ్చితంగా ఉంటారు. రాయి మీద తడి కాగితం వేసి, బ్రష్‌తో కొట్టి, సిరా అద్ది అచ్చు తీస్తారు. తరవాత ఒక్కో పంక్తీ రాయి మీద ఎలా ఉందో అలాగే అచ్చువేస్తారు. అరిగిపోయిన అక్షరాన్ని బ్రాకెట్లో పెడతారు. శిల్పి తప్పు చెక్కాడు అనిపిస్తే పైన ముట్టుకోరు, కింద చిన్న అక్షరాల్లో "ఇలా చదవాలి" అని రాస్తారు. మూలం పైన, మన తెలివి కింద. నాకు ఈ పద్ధతి బాగా నచ్చింది.

దీనివల్ల మనకి దొరికినదాన్ని చూడండి. కడప ప్రాంతంలో 6వ శతాబ్దం నుంచి రేనాటి చోళులు తెలుగులో శాసనాలు వేయించారు. కలమళ్ళ శాసనం వాళ్ళదే, సుమారు 575 నాటిది. అందరికంటే పాత తెలుగు శాసనం అని దాన్నే చెప్తారు. ఈ రాజుల శాసనాల్లో ఇప్పటి అక్షరమాలలో లేని ఒక అక్షరం ఉంది. చోళ అనే మాటని వాళ్ళు చోఴ అని రాసుకున్నారు. ఆ ఴ ఇప్పటికీ తమిళంలో, మలయాళంలో బతికే ఉంది. మనం కోళికోడ్ అనో కోజికోడ్ అనో తంటాలు పడే ఆ ఊరి పేరులో ఉన్న శబ్దం అదే. తెలుగులో నన్నయ కాలానికే, అంటే 11వ శతాబ్దానికే, అది పోయింది. చాలా చోట్ల "డ" అయింది. తమిళంలో కోఴి, తెలుగులో కోడి, కన్నడలో కోళి. తమిళంలో ఏఴు, తెలుగులో ఏడు, కన్నడలో ఏళు. అందుకే ఆ రాజులని కొన్ని పుస్తకాల్లో చోళులు అంటారు, కొన్నిటిలో చోడులు అంటారు.

మొదట చదివిన పండితుడు "ఇదేదో వంకర ళ" అనుకుని ళ వేసేసి ఉంటే? అర్థం చెడదు, రాజు పేరు మారదు. వెర్బేటిమ్‌గా అంతా బాగానే ఉంటుంది. కానీ ఒకప్పుడు తెలుగువాళ్ళ నోట్లో ఆ శబ్దం ఉండేదన్న సంగతి అచ్చులో కనబడకుండా పోయేది.

ఇప్పుడు మన ఇళ్ళలో ఉన్న కాగితాల గురించి. మీలో చాలామంది ఇళ్ళలో ఊరి నుంచి వచ్చిన పాత నీలం ఇన్‌లాండు ఉత్తరాలు, విమానం ఉత్తరాలు ఉండే ఉంటాయి. మా అమ్మమ్మ ఉత్తరాలు నేను కంప్యూటర్లో ఎక్కిస్తున్నాను. ఆవిడ "ఉత్తరం" అని రాయదు, "వుత్తరం" అని రాస్తుంది. "యిల్లు", "యెలా", "వొకటి". మొదటి అచ్చు ముందు ఒక చిన్న య, ఒక చిన్న వ. ఇవి అక్షర దోషాలు అని నిఘంటువు పక్కన పెట్టుకుని దిద్దడం చాలా తేలిక. కానీ ఇవి అలా పలుకుతాయి కాబట్టే అలా రాసింది, ఆవిడే కాదు, ఆ తరంలో చాలామంది రాశారు. ఒకరి ఉత్తరంలో "చెప్పిండు" ఉంటే తెలంగాణ వినిపిస్తుంది. "చెప్పినాడు" అంటే రాయలసీమ. "చెప్పేడు" అంటే ఉత్తరాంధ్ర వైపు వెతకండి. అన్నిటినీ "చెప్పాడు" చేసేస్తే అందరూ ఒకే ఊరివాళ్ళు అయిపోతారు. మన పిల్లలకి ఆ ఊరి తెలుగు వినే దారి ఆ కాగితం ఒక్కటే కావచ్చు.

నేను చేస్తున్నది శాసనాల పద్ధతే. పైన ఉత్తరం, అక్షరం పొల్లుపోకుండా. అర్థం కాని చోట కింద ఇప్పటి స్పెల్లింగ్. చూసేవాళ్ళు నా టైపింగ్ తప్పు అనుకోకుండా "మూలంలో ఇలాగే ఉంది" అని ఒక ముక్క. ఇంగ్లీషులో దీనికే "సిక్" అని లాటిన్ మాట పెడతారు, "ఇలాగే" అని అర్థం. కానీ ప్రతి తప్పు పక్కనా అది పెడితే వెక్కిరించినట్టు ఉంటుంది. పైన ఒక్కసారి చెప్తే చాలు. ఇంకొకటి, టైపు చేసే ముందు ఫోన్‌లో ఆటోకరెక్ట్ ఆపేయండి, లేకపోతే అది బ్రౌన్ దొర పండితుల కంటే వేగంగా దిద్దేస్తుంది.

ఴ అక్షరాన్ని 2014లో యూనికోడ్‌లో తెలుగు అక్షరాల్లో చేర్చారు. మీ తెరమీద అది ఖాళీ డబ్బాలాగా కనిపిస్తుంటే మీ ఫాంట్ పాతది, అంతే.