యానిమల్ క్రాసింగ్ ఆటలలో పునఃప్రారంభం

యానిమల్ క్రాసింగ్ ఆటలలో పునఃప్రారంభం అనగా జపానుకు చెందిన నింటెండో సంస్థ రూపొందించిన యానిమల్ క్రాసింగ్ వీడియో గేముల వరుసలో, అప్పటివరకు సాగిన ఆటను కొంతవరకు గాని పూర్తిగా గాని చెరిపి తిరిగి మొదలుపెట్టడం. వాడుకలో దీనిని రీసెట్ అంటారు. అప్పుడే జరిగిన పొరపాటును రద్దు చేసుకొనడానికి చేసే చిన్న రీసెట్, ఊరంతటినీ తుడిచివేసి కొత్త ఊరిని నెలకొల్పే పెద్ద రీసెట్ అని ఇది ముఖ్యంగా రెండు విధాలు. వైకుంఠపాళి, చదరంగం వంటి ఆటలలో ఒక ఆట ముగిసి మరొకటి మొదలు కావడం సహజం. దానివల్ల పోయేదేమీ లేదు. యానిమల్ క్రాసింగ్‌కు మాత్రం ముగింపు లేదు, గెలుపోటములూ లేవు. ఇందులో ఆటగాడు కూడబెట్టేది రోజులను, పరిచయాలను. అందువల్ల ఈ ఆటలో రీసెట్ అంటే అంకెలు పోవడం కాదు, గడిపిన కాలం పోవడం. ఆట రూపకర్తలు కూడా ఈ విషయాన్ని మొదటి నుండి గుర్తించి, రీసెట్‌ను ఆటలో ఒక భాగంగానే మలిచారు.

నేపథ్యం

ఈ వరుసలో మొదటి ఆట 2001 ఏప్రిల్ 14న జపానులో నింటెండో 64 యంత్రం కొరకు విడుదలైనది. కత్సుయా ఎగుచి, హిసాషి నొగామి దీనికి దర్శకులు. ఉద్యోగరీత్యా చిబా నుండి క్యోటోకు వచ్చి, కుటుంబానికి, మిత్రులకు దూరమైన అనుభవమే ఈ ఆట ఆలోచనకు మూలమని ఎగుచి తెలిపాడు. ఆటగాడు జంతువులు నివసించే ఒక చిన్న ఊరికి కొత్తగా వస్తాడు. ఇల్లు కట్టుకొనడానికి అప్పు చేస్తాడు. చేపలు పట్టి, పండ్లు కోసి, ఇరుగుపొరుగువారికి ఉత్తరాలు వ్రాసి, కాలక్రమేణా ఆ ఊరివాడవుతాడు.

ఈ ఆటకు రెండు ప్రత్యేకతలు ఉన్నాయి. మొదటిది, ఆటలోని కాలం నిజమైన గడియారం ప్రకారం నడుస్తుంది. బయట రాత్రి అయితే ఆటలోనూ రాత్రే. బయట డిసెంబరు వస్తే ఆటలోనూ డిసెంబరే. యంత్రాన్ని కట్టివేసినా ఊరిలో రోజులు గడుస్తూనే ఉంటాయి. రెండవది, ఒక ఆట ప్రతికి ఒకే ఊరు ఉంటుంది. గేమ్‌క్యూబ్ రూపంలో (ఉత్తర అమెరికాలో 2002) ఊరి వివరాలు మెమొరీ కార్డులోని 59 భాగాలలో 57 భాగాలను ఆక్రమించేవి. 2005లో వచ్చిన వైల్డ్ వరల్డ్‌లోను, 2012లో వచ్చిన న్యూ లీఫ్‌లోను ఊరు ఆట కార్డులోనే ఉండేది. 2020 మార్చి 20న విడుదలైన న్యూ హొరైజన్స్‌లో ఒక స్విచ్ యంత్రానికి ఒకే దీవి ఉంటుంది. పాత ఊరిని ఒక పక్కన ఉంచుకొని మరొకటి మొదలుపెట్టే వీలు లేకపోవడం వల్లనే ఈ ఆటలలో రీసెట్‌కు అంత ప్రాముఖ్యం వచ్చినది.

చిన్న రీసెట్

ఆటను భద్రపరచకుండా యంత్రాన్ని కట్టివేస్తే, తిరిగి తెరచినప్పుడు చివరిసారి భద్రపరచిన స్థితి నుండి ఆట మొదలవుతుంది. అరుదైన చేప తప్పించుకొనిపోయినా, పొరుగు జంతువుతో మాట తేడా వచ్చినా, విలువైన వస్తువును పొరపాటున అమ్మివేసినా, ఆటగాళ్ళు ఈ ఉపాయాన్ని ఆశ్రయించేవారు.

న్యూ లీఫ్‌లో ఇది ఒక పద్ధతిగానే స్థిరపడినది. ఆ ఆటలో కొత్త జంతువు తన ఇంటిని ఎక్కడ కట్టుకొంటుందో ఆటగాని చేతిలో ఉండదు. ఎంతో శ్రమించి పెంచిన పూలతోట మీదనో, వేసుకొన్న బాట మధ్యనో ఇల్లు వెలిసే ప్రమాదం ఉండేది. దీనిని తప్పించుకొనడానికి ఆటగాళ్ళు తమ పాత్రతో ఆటను తెరవక, ముందుగా ఒక కొత్త పాత్రను సృష్టించి ఊరంతా తిరిగి చూచేవారు. కొత్త ఇల్లు అనుకూలమైన చోట లేకపోతే, భద్రపరచకుండా ముగించి మళ్ళీ ప్రయత్నించేవారు. మంచి చోటు దొరికే వరకు ఈ పని పదేపదే చేయవలసి వచ్చేది. న్యూ హొరైజన్స్‌లో ఇంటిస్థలాన్ని ఆటగాడే నిర్ణయించే ఏర్పాటు రావడంతో ఈ అవసరం తీరిపోయినది.

ఆట ఆరంభంలో చేసే రీసెట్ మరొక రకం. న్యూ లీఫ్‌లో రోవర్ అనే పిల్లి రైలులో నాలుగు పటాలను చూపి ఒకటి ఎంచుకోమంటుంది. న్యూ హొరైజన్స్‌లో టిమ్మీ, టామీలు నాలుగు దీవుల పటాలు చూపుతారు. నచ్చిన పటం, స్థానికంగా పండే పండు (ఆపిల్, చెర్రీ, నారింజ, పీచ్, పియర్‌లలో ఒకటి), విమానాశ్రయపు రంగు, వెంట వచ్చే మొదటి ఇద్దరు జంతువులు అన్నీ కోరినట్లు కలిసివచ్చే వరకు కొందరు ఆరంభాన్ని ఎన్నోసార్లు తిరిగి ఆడతారు. ఈ దశలో పోయేది కొద్ది నిమిషాలే.

మిస్టర్ రెసెట్టి

భద్రపరచకుండా ఆటను కట్టివేసేవారిని మందలించడానికి సృష్టించిన పాత్ర మిస్టర్ రెసెట్టి. ఇతడు నేలలో బొరియలు తవ్వి జీవించే మోల్ అనే జంతువు. తలపై శిరస్త్రాణం, చేతిలో పికాసు ఉంటాయి. ఆట సరిగా ముగిసిందా లేదా అన్న గుర్తు ఆట దస్త్రంలో ఉంటుంది. సరిగా ముగియకపోతే, తరువాతిసారి ఆటగాడు ఇంటి నుండి బయట అడుగుపెట్టగానే రెసెట్టి నేలను చీల్చుకొని వచ్చి చీవాట్లు పెడతాడు. జరిగినదానిని జరగలేదనిపించడం తగదని, జీవితంలో అటువంటి మీట ఉండదని అతని వాదం. తప్పు తిరిగి చేసినకొద్దీ ఉపన్యాసం పొడవు పెరుగుతుంది. ఆ ఉపన్యాసాన్ని దాటవేసే వీలు లేదు. గేమ్‌క్యూబ్ రూపంలో అతడు ఒక దశలో ఆటగాని చేత క్షమాపణ వాక్యాన్ని అక్షరం అక్షరం వ్రాయిస్తాడు. మరొక దశలో ఊరంతటినీ చెరిపివేస్తున్నట్లు నటించి, తెరను చీకటి చేసి భయపెడతాడు. ఇతనికి డాన్ అనే సోదరుడు ఉన్నాడు, అతడు శాంతస్వభావుడు.

ఈ శిక్ష వలన ఆటగానికి ఆటలో నష్టమేమీ జరగదు. పోయేది కొంత సమయం మాత్రమే. సమయాన్ని మిగుల్చుకొందామని చేసిన పనికి సమయమే దండుగగా చెల్లించవలసి రావడం ఇందులోని చమత్కారం.

కాలక్రమంలో ఈ కాఠిన్యం తగ్గినది. న్యూ లీఫ్‌లో రెసెట్టి కార్యాలయాన్ని ఊరి పనులలో ఒకటిగా కట్టించుకొంటేనే అతడు తరచుగా కనిపిస్తాడు. న్యూ హొరైజన్స్‌లో ఆట దానంతట అదే భద్రపరచబడుతుంది. మందలించవలసిన తప్పే లేకుండాపోవడంతో, రెసెట్టి దారి తప్పి చిక్కుకొన్నవారిని కాపాడే సహాయ సేవలో చేరినట్లు ఆటలో చూపారు. 2008లో వచ్చిన సూపర్ స్మాష్ బ్రోస్. బ్రాల్ అనే పోరాట క్రీడలోనూ ఇతడు సహాయ పాత్రగా కనిపిస్తాడు.

పెద్ద రీసెట్‌కు కారణాలు

ఊరిని లేదా దీవిని పూర్తిగా తొలగించడానికి ఆటగాళ్ళకు పలు కారణాలు ఉంటాయి.

మార్చలేని ఎంపికలు: న్యూ హొరైజన్స్‌లో దీవి పేరు, అది ఉత్తరార్ధగోళంలో ఉన్నదా దక్షిణార్ధగోళంలో ఉన్నదా అన్నది, విమానాశ్రయం, నివాసుల సేవా కేంద్రం, నదీముఖాలు ఉన్న చోట్లు తరువాత మార్చడానికి వీలుపడదు. ఆట తెలియని తొలిరోజున తొందరలో పెట్టిన పేరు, ఎంచుకొన్న పటం శాశ్వతంగా ఉండిపోతాయి.

ఉమ్మడి యంత్రం: ఒక దీవిలో ఎనిమిది మంది వరకు నివసించవచ్చును. కాని మొదట ఆట తెరచినవారే నివాసుల ప్రతినిధి అవుతారు. దీవి అభివృద్ధిని ముందుకు నడిపే ముఖ్యమైన పనులు ఆ ఒక్కరికే దక్కుతాయి. అన్న మొదలుపెట్టి వదిలివేసిన దీవిలో చెల్లెలు ఎంత ఆడినా ప్రతినిధి కాలేదు.

దీర్ఘవిరామం: న్యూ హొరైజన్స్ కోవిడ్-19 మహమ్మారి తొలినాళ్ళలో విడుదలై, ఆరు వారాలలోనే 1.34 కోట్ల ప్రతులు అమ్ముడుపోయినది. ఇళ్ళకే పరిమితమైన ఆ రోజులలో మొదలుపెట్టి, ఆ తరువాత వదిలివేసినవారు ఎందరో ఉన్నారు. ఏళ్ళ తరువాత తిరిగి వస్తే దీవి నిండా కలుపు మొక్కలు, ఇంటిలో బొద్దింకలు, ఇంతకాలం ఏమైపోయావని అడిగే పొరుగువారు ఎదురవుతారు. తాను ఎక్కడ ఏ పని ఆపాడో గుర్తులేని ఆటగానికి కొత్తగా మొదలుపెట్టడమే సులభమనిపిస్తుంది.

చేతులు మారిన ప్రతి: వైల్డ్ వరల్డ్, న్యూ లీఫ్ కార్డులను పాతవి కొన్నవారికి వాటితో పాటు ముక్కూమొగం తెలియని మరొకరి ఊరు కూడా వచ్చేది. అందులో ఆ పాత యజమాని ఇల్లు, పూలతోట, అతనిని పేరు పెట్టి తలచుకొనే జంతువులు ఉండేవి. ఆ ఊరిని చెరిపితేనే కొత్తవారికి సొంత ఊరు దక్కుతుంది.

న్యూ హొరైజన్స్‌లో విధానం

ఆటలోపల దీవిని తొలగించే మీట లేదు. స్విచ్ యంత్రపు సెట్టింగులలో డేటా నిర్వహణ విభాగానికి వెళ్ళి, అక్కడ ఈ ఆట పేరున భద్రపరచిన దస్త్రాన్ని తొలగించాలి. తరువాత ఆటను తెరవగానే అది మొదటి రోజు నుండి ఆరంభమవుతుంది. ఆట వివరాలు కార్డులో కాక యంత్రంలోనే ఉంటాయి గనుక, కార్డును తీసి పెట్టడం వలన గాని, ఆటను తిరిగి స్థాపించడం వలన గాని దీవి మారదు.

ప్రతినిధి కాని నివాసిని మాత్రం ఆట శీర్షిక తెరపై ఉన్న సెట్టింగుల ద్వారా విడిగా తొలగించవచ్చును. ప్రతినిధిని తొలగించాలంటే దీవి మొత్తాన్ని తొలగించవలసినదే. అప్పుడు ఆ యంత్రంలో ఆడే అందరి ఇళ్ళు, వస్తువులు, పొదుపు పోతాయి. ఒకరి పునఃప్రారంభం ఇంటిల్లిపాదికీ పునఃప్రారంభమే కనుక, ఈ పనికి ముందు మిగిలిన వారి సమ్మతి తీసుకొనడం అవసరం.

2020 జూలై 30న ద్వీప ప్రతిరక్షణ సదుపాయాన్ని చేర్చారు. ఇది యంత్రం పోయినప్పుడు, చెడిపోయినప్పుడు దీవిని తిరిగి పొందడానికి ఉద్దేశించినది. మనసు మార్చుకొన్నవారికి పాత రోజును తిరిగి ఇచ్చే ఏర్పాటు కాదు. అదే ఏడాది నవంబరులో దీవిని ఒక యంత్రం నుండి మరొక యంత్రానికి తరలించే సాధనం వచ్చినది. యంత్రం మారుస్తున్నవారు దీనిని వాడుకొంటే రీసెట్ అవసరం ఉండదు.

కోల్పోయేవి, మిగిలేవి

డబ్బును, గృహోపకరణాలను తిరిగి సంపాదించడం కష్టం కాదు. తిరిగి సంపాదించడానికి తప్పనిసరిగా కాలం పట్టేవి వేరే ఉన్నాయి. ప్రదర్శనశాలలో 80 రకాల చేపలు, 80 రకాల కీటకాలు, 40 రకాల సముద్రజీవులు, 73 శిలాజ భాగాలు, 43 కళాఖండాలు చేర్చవలసి ఉంటుంది. చేపలు, కీటకాలు, సముద్రజీవులలో చాలావాటికి నెలల లెక్క ఉన్నది. కొన్ని వేసవిలోనే, కొన్ని చలికాలంలోనే దొరుకుతాయి. గడియారాన్ని మార్చకుండా ఆడేవారికి ఈ సేకరణ పూర్తి కావడానికి దాదాపు ఒక ఏడాది పడుతుంది.

పరిచయాలు కూడా చెరిగిపోతాయి. స్నేహం బాగా ముదిరినప్పుడు పొరుగు జంతువు తన ఛాయాచిత్రాన్ని కానుకగా ఇస్తుంది. ఈ ఆటలో 400కు పైగా జంతు పాత్రలు ఉండగా, ఒక దీవిలో ఉండగలిగేవి పది మాత్రమే. పాత దీవిలోని మిత్రుడే కొత్త దీవికి వచ్చినా, అతడు ఆటగాడిని మొదటిసారి చూచినట్లే పలకరిస్తాడు.

యంత్రపు ఆల్బమ్‌లో దాచిన తెరచిత్రాలు ఆట దస్త్రానికి చెందవు కనుక మిగులుతాయి. కొందరు విలువైన వస్తువులను ముందుగా స్నేహితుని దీవిలో ఉంచి, కొత్త దీవి కుదుటపడిన తరువాత తిరిగి తెచ్చుకొంటారు.

పాత ఊరికి విలువ కట్టే ఏర్పాటు ఒకసారి ఆటలోనే వచ్చినది. 2016 నవంబరులో న్యూ లీఫ్‌కు చేసిన నవీకరణలో, ఊరిని తొలగించదలచినవారి నుండి టామ్ నూక్ దానిని వెలకట్టి కొని, ఆ సొమ్మును కొత్త ఊరిలో పెట్టుబడిగా ఇచ్చేవాడు.

ప్రత్యామ్నాయాలు

సమస్య దీవి రూపానికి సంబంధించినదే అయితే పూర్తి రీసెట్ అవసరం లేదు. దీవికి మూడు నక్షత్రాల స్థాయి వచ్చి, కె.కె. స్లైడర్ కచేరీ జరిగిన తరువాత, కొండలను, నదులను, బాటలను మార్చుకొనే అధికారం ఆటగానికి లభిస్తుంది. దీనితో దీవిని చదును చేసి మళ్ళీ తీర్చిదిద్దవచ్చును. ప్రదర్శనశాల సేకరణ, స్నేహాలు చెక్కుచెదరవు. అయితే నేలను ఒక్కొక్క గడిగా తవ్వవలసి రావడం, పరచిన వస్తువులన్నిటినీ ఏరివేయవలసి రావడం ఎంతో శ్రమతో కూడిన పని. ఈ శ్రమకు జడిసి దీవినే తొలగించేవారు ఉన్నారు. 2025 అక్టోబరులో నింటెండో ప్రకటించిన 3.0 నవీకరణలో, దీవిలోని ప్రాంతాలను శుభ్రపరచిపెట్టే సేవ చేరినది. ఆ సేవను నిర్వహించేది మిస్టర్ రెసెట్టి. రీసెట్ చేసినవారిని తిట్టడానికి పుట్టిన పాత్రే రీసెట్‌కు సహాయకుడయ్యాడు.

ఇతర ఆటలతో పోలిక

1996లో బందాయ్ సంస్థ విడుదల చేసిన టమగోచిలో, పెంపుడు జీవి మరణించిన తరువాత రెండు మీటలు కలిపి నొక్కితే కొత్త గుడ్డు వస్తుంది. అక్కడ పునఃప్రారంభం మరణం తరువాతి ఘట్టం. 2009 నాటి ది సిమ్స్ 3లో ఎక్కడైనా చిక్కుకొని కదలలేకపోయిన పాత్రను రీసెట్‌సిమ్ అనే ఆజ్ఞతో సరిచేయవచ్చును. మిగిలిన కుటుంబానికి, ఊరికి ఏమీ కాదు. 2016లో వచ్చిన స్టార్‌డ్యూ వ్యాలీలో పాత్ర నిద్రించినప్పుడే ఆట భద్రపరచబడుతుంది గనుక, నిద్రకు ముందు ఆటను ముగిస్తే ఆ రోజంతా తిరిగి ఆడవచ్చును. పైగా సిమ్స్‌లోను, స్టార్‌డ్యూ వ్యాలీలోను పలు దస్త్రాలు పక్కపక్కనే ఉంచుకొనవచ్చును. కొత్తది మొదలుపెట్టడానికి పాతది పోగొట్టుకోనక్కరలేదు.

యానిమల్ క్రాసింగ్‌లో ఊరు ఒక్కటే, గడియారం బయటిది. ఊరిని చెరిపివేయవచ్చును గాని తేదీని వెనక్కి త్రిప్పినంత మాత్రాన గడచిన రోజులు తిరిగి రావు. జనవరిలో మొదలైన దీవిని జూలైలో తొలగించినవారికి కొత్త దీవిలో మొదటి రోజు జూలైలోనే తెల్లవారుతుంది.

ఇవి కూడా చూడండి

నింటెండో
జీవిత అనుకరణ ఆటలు
ది సిమ్స్
టమగోచి
స్టార్‌డ్యూ వ్యాలీ