అనుమతిపత్రం వెనుక చరిత్ర: అమెరికాలో నిరసన హక్కు

అమెరికాలో స్థిరపడిన తెలుగువారిని అక్కడి రాజ్యాంగంలో ముందుగా ఆశ్చర్యపరిచేది దాని క్లుప్తత. 1791లో అమలులోకి వచ్చిన మొదటి సవరణ, ప్రజలు శాంతియుతంగా సమావేశమై తమ కష్టాలను ప్రభుత్వానికి విన్నవించుకొనే హక్కును కుదించే చట్టమేదీ కాంగ్రెస్ చేయరాదని శాసించిందే తప్ప, ఆ హక్కుకు హద్దులేమిటో చెప్పలేదు. భారత రాజ్యాంగంలోని 19వ అధికరణం అలా కాక, ఆయుధాలు లేకుండా శాంతియుతంగా సమావేశమయ్యే హక్కును ఇస్తూనే, శాంతిభద్రతల దృష్ట్యా దానిపై సహేతుకమైన ఆంక్షలు విధించవచ్చనీ, వాక్‌స్వాతంత్ర్యం విషయంలోనైతే సభ్యత, నైతికతలను కూడా పరిగణించవచ్చనీ స్పష్టంగా పేర్కొన్నది. భారత రాజ్యాంగ నిర్మాతలు ముందే రాసిపెట్టిన ఇటువంటి హద్దులను, అమెరికాలో న్యాయస్థానాలు ఒక్కొక్క వివాదాన్ని విచారిస్తూ, తమ తీర్పులను తామే దిద్దుకుంటూ గీయవలసి వచ్చింది.

బోస్టన్ కామన్ అనే సార్వజనిక మైదానంలో మేయర్ అనుమతి లేకుండా ప్రసంగించిన విలియం డేవిస్ అనే మతప్రచారకుని శిక్షను 1897లో సుప్రీంకోర్టు సమర్థిస్తూ, ఇంటిపై యజమానికి ఎంత అధికారముంటుందో అటువంటి స్థలంపై ప్రభుత్వానికీ అంత అధికారముంటుందని భావించింది. ఈ దృష్టి 1939లో మారింది. జెర్సీ సిటీ మేయర్ ఫ్రాంక్ హేగ్ పాలనలో కార్మిక సంఘాల సభలకు అనుమతి నిరాకరించగా తలెత్తిన వివాదంలో, వీధులూ పార్కులూ ప్రజలు కలుసుకొని చర్చించుకోవడానికి అనాదిగా ఉద్దేశించినవనీ, ప్రభుత్వం వాటికి ధర్మకర్త మాత్రమేననీ న్యాయమూర్తి ఓవెన్ రాబర్ట్స్ రాశారు. రెండేళ్ల తరువాత, న్యూహాంప్‌షైర్ రాష్ట్రానికి చెందిన కాక్స్ కేసులో, ఊరేగింపుకు ముందస్తు అనుమతి కోరడం తప్పు కాదనీ, అయితే అధికారి పరిశీలించవలసినవి సమయం, స్థలం, తీరు మాత్రమేననీ కోర్టు తేల్చింది. అంటే ఏ వీధిలో, ఏ వేళ, ఎంతమంది నడుస్తారని ప్రభుత్వం అడగవచ్చు గాని, వారు ఏమి చెబుతారన్న దానిని బట్టి అనుమతిని నిర్ణయించరాదు.

ఈ భేదం ఎంత ముఖ్యమైనదో అలబామా రాష్ట్రంలోని బర్మింగ్‌హామ్ నగరం నిరూపించింది. ప్రజాసంక్షేమం, శాంతి, సభ్యత, నీతి, సౌకర్యం వంటి కారణాలతో ఊరేగింపును నిరాకరించే అధికారం అక్కడి శాసనం నగర కమిషన్‌కు ఇచ్చింది. వినడానికి గౌరవప్రదంగా ఉన్న ఆ మాటలే, జాతి వివక్షను ఎదిరించిన నల్లజాతి పౌరుల నోరు నొక్కడానికి పనిముట్లయ్యాయి. 1963 ఏప్రిల్ 12న, గుడ్ ఫ్రైడే నాడు, పౌరహక్కుల నాయకులు మార్టిన్ లూథర్ కింగ్, ఫ్రెడ్ షటిల్స్‌వర్త్ ప్రభృతులు అనుమతి లేకుండానే, కోర్టు నిషేధాజ్ఞను కాదని నడిచి అరెస్టయ్యారు. నిషేధాజ్ఞను ముందుగా న్యాయస్థానంలో సవాలు చేయకుండా ధిక్కరించారంటూ 1967లో సుప్రీంకోర్టు ఒక్క ఓటు తేడాతో వారి శిక్షలను ఖరారు చేసింది. అదే ఊరేగింపుపై 1969లో వచ్చిన మరో తీర్పులో, నిర్దిష్టమైన ప్రమాణాలు లేకుండా అధికారి ఇష్టానికి వదిలిన అనుమతి విధానం చెల్లదని షటిల్స్‌వర్త్‌పై విధించిన శిక్షను అదే కోర్టు రద్దు చేసింది.

సభ్యత విషయమై నిర్ణాయకమైన తీర్పు 1971లో వెలువడింది. వియత్నాం యుద్ధకాలంలో నిర్బంధ సైనిక నియామకాన్ని అసభ్య పదంతో తిట్టిన రాత గల కోటు ధరించి లాస్ ఏంజిలిస్ కోర్టు వసారాలో నిలిచినందుకు పాల్ కోహెన్‌కు 30 రోజుల జైలుశిక్ష పడగా, న్యాయమూర్తి జాన్ హార్లన్ నేతృత్వంలోని స్వల్ప మెజారిటీ దానిని కొట్టివేసింది. నచ్చనివారు చూపు మరల్చుకోవచ్చనీ, పదాలను నిషేధించే అధికారం క్రమంగా భావాలను అణచడానికి దారితీస్తుందనీ ఆ తీర్పు హెచ్చరించింది.

అయితే సమయం, స్థలం, తీరులను మాత్రమే నియంత్రించవచ్చుననే సిద్ధాంతం దుర్వినియోగానికి అతీతమైనదేమీ కాదు. 2004లో బోస్టన్‌లో డెమొక్రటిక్ పార్టీ మహాసభ జరిగినప్పుడు, నిరసనకారులకు రైలు వంతెన కింద కంచెలు, వలలు బిగించిన స్థలాన్ని కేటాయించగా, భద్రత పేరిట న్యాయస్థానం అందుకు అంగీకరించింది. స్థలాన్ని నిర్ణయించే అధికారంతోనే నిరసనను కంచెల మధ్య బంధించవచ్చునని దీనివల్ల తెలుస్తుంది.

రోగి అంబులెన్సుకు దారి దొరకడం, ఇరుగుపొరుగు నిశ్చింతగా నిద్రించడం కూడా హక్కులే కాబట్టి, శాంతిభద్రతల చట్టాలు ఏ సమాజానికైనా అవసరమే. అయితే ఆ చట్టాలు న్యాయమైనవో కావో తేల్చేది వాటిలోని సభ్యత, శాంతి అనే పదాలు కావు. పాలకులకు ఇష్టమైన ఊరేగింపుకూ, కంటగింపైన ఊరేగింపుకూ అధికారి ఒకే నియమాన్ని వర్తింపజేయక తప్పని స్థితిని అవి కల్పిస్తున్నాయా లేదా అన్నదే. బర్మింగ్‌హామ్ పౌరులు జైలుకు వెళ్లి నెలకొల్పిన ఈ కొలమానం హైదరాబాదుకూ, విజయవాడకూ కూడా వర్తిస్తుంది.