పేరు చివర ఎనిమిది

కుర్చీ ఇటు లాక్కుని కూర్చోండి, తెర కనబడుతుంది. రాత్రి పదకొండున్నర. అమ్మమ్మ మాటల క్యాసెట్‌ని ఎంపీ3 చేయించి తెచ్చాను, నలభై నిమిషాలుంది. దాన్ని విని తెలుగులో రాసిపెట్టే పని విస్పర్ మోడల్‌కి అప్పజెప్తున్నాను. ఇంటర్నెట్ అక్కర్లేదు, అంతా ఈ ల్యాప్‌టాప్‌లోనే. పెద్ద మోడలే పెట్టాను, 155 కోట్ల పారామీటర్లది. ఇదిగో, ఎంటర్ కొట్టాను.

మోడల్ గ్రాఫిక్స్ కార్డు మెమరీలోకి ఎక్కింది. ఫ్యాన్ గొంతు పెంచింది. ఒకటి, రెండు, మూడు సెకన్లు. అంతే, ఒక్క లైను మిగిల్చి ప్రోగ్రాం మూసుకుపోయింది: కుడీఎన్ఎన్ ఆప్స్ ఇన్ఫర్ 64 అండర్‌స్కోర్ 8 డాట్ డీఎల్ఎల్ లోడ్ కాలేదు, ఎర్రర్ కోడ్ 126.

గోత్రమూ ప్రవరా చెప్పుకున్నట్టుంది పేరు.

మా ఊళ్లో గుడి దగ్గర పెద్ద గుండిగలుండేవి. ఎవరింట పెళ్లయినా అవే తెచ్చుకునేవాళ్లు, ఇంటింటికీ కొనుక్కోవడం ఎందుకని. డీఎల్ఎల్ సంగతీ అంతే. లెక్కలు చేసే కోడ్‌ని ప్రతి ప్రోగ్రామూ తనలో మోసుకు తిరగకుండా ఒక ఫైల్లో ఉంచితే, కావలసినప్పుడు కావలసినవాళ్లు పిలుచుకుంటారు. విస్పర్ ఆడియోని ముప్పై సెకన్ల ముక్కలు చేసి, ఒక్కో ముక్కని ముందు కన్వల్యూషన్ అనే లెక్కలోంచి పంపిస్తుంది. ఎన్విడియా కార్డు మీద ఆ లెక్క చేసిపెట్టేది కుడీఎన్ఎన్. అందుకే మోడల్ హాయిగా ఎక్కి, తీరా పని మొదలయ్యేసరికి చతికిలబడింది.

మేనల్లుడికి ఫోన్ చేశాను. ఇంకా పడుకోలేదు.

"మావయ్యా, నువ్వేం చేశావో ముందు చెప్పు. సిస్టం32లో ఏమైనా పడేశావా?"

పడేశాను. పొద్దున కుడీఎన్ఎన్ దింపుకుని, ఫైళ్లన్నీ అక్కడ అతికించేశాను. చూస్తారా? ఈ ఫోల్డర్ పేరు సిస్టం32, 64 బిట్ విండోస్‌లో ఉండేవేమో 64 బిట్ ఫైళ్లు. 32 బిట్ వాటిని సిస్‌వావ్64లో పెట్టారు. పేర్లు పెట్టినవాళ్లకో దండం. డ్రైవర్‌తో వచ్చిన ఎన్వీకుడా ఇక్కడే ఉంది, విండోస్ వాళ్ల డైరెక్ట్ఎంఎల్ ఇక్కడే ఉంది. వాటి మధ్య నావి: కుడీఎన్ఎన్ ఆప్స్ 64 అండర్‌స్కోర్...

"చివర అంకె చదువు," అన్నాడు వాడు.

తొమ్మిది.

"అది అడిగింది ఎనిమిది కదా!"

కొత్తదైతే ఇంకా మంచిదనుకున్నాను. ఈ గుండిగలకి ఆ మూతలు పట్టవు. ఎనిమిదికీ తొమ్మిదికీ మధ్య ఫైళ్ల పేర్లే మారిపోయాయి, ప్రోగ్రామేమో తనకు తెలిసిన పేరుతోనే పిలుస్తుంది. పేరు మార్చి మోసం చేద్దామా అన్నాను. వాడు నవ్వాడు.

ఈలోగా ఒకదాన్ని నోట్‌ప్యాడ్‌లో తెరిచాను, ఊరికే. అంతా పిచ్చిగీతలు. కానీ మొట్టమొదటి రెండు అక్షరాలు మాత్రం చక్కగా ఇంగ్లీషులో ఉన్నాయి: ఎం, జెడ్. డాస్ కాలపు మైక్రోసాఫ్ట్ ఇంజనీరు మార్క్ జిబికోవ్‌స్కీ పొడి అక్షరాలవి. 155 కోట్ల పారామీటర్లకి పనిచేసే ఫైలు మీద ఇంకా ఆయన సంతకమే.

ఎర్రర్‌ని గూగుల్లో కొడితే, ఆ ఒక్క ఫైలూ ఉచితంగా ఇస్తామనే సైట్లు వరసకట్టాయి. వేలు మౌస్ మీదే ఉంది. "వాటి జోలికి పోకు," అన్నాడు. డీఎల్ఎల్ అంటే బొమ్మ కాదు, కోడ్. దాన్ని పిలిచిన ప్రోగ్రాంకి ఎన్ని హక్కులుంటే దానికీ అన్ని హక్కులొస్తాయి. ఎవరు కుట్టారో తెలియని మూటని ఇంట్లోకి తెచ్చుకోవడమే.

తయారీదారు పాత విడుదలల పేజీ నుంచి ఎనిమిదో వెర్షన్ జిప్ దిగింది. ఈసారి సిస్టం32లో కాదు, ప్రోగ్రాం ఉన్న ఫోల్డర్‌లోనే పెట్టాను. విండోస్ మామూలుగా ముందు వెతికేది అక్కడే. ఎంటర్.

మళ్లీ ఆగింది. ఇప్పుడు జడ్‌లిబ్‌వాపి కావాలట! జడ్‌లిబ్ అంటే 1995లో వచ్చిన కుదింపు లైబ్రరీ. కృత్రిమ మేధ కూడా దాని కోసం గుమ్మంలో నిలబడాల్సి వచ్చింది. కుడీఎన్ఎన్ సూచనల్లో చెప్పిన చోటి నుంచే దాన్నీ తెచ్చి పక్కన పెట్టాను.

పన్నెండు దాటింది. ఎంటర్.

ఫ్యాన్ మళ్లీ లేచింది. చూడండి, నల్లటి తెర మీద తెలుగు పడుతోంది. "ఏవిరా, ఇది తిరుగుతుందా?" అమ్మమ్మ అన్నది "తిరుగుతోందా" అని, టేపు గురించి. పరవాలేదు, ఒక్క గుణింతమే తేడా.

సిస్టం32లో పడేసిన తొమ్మిదో నంబరు ఫైళ్లు తీసేశాను. మీ కంప్యూటర్ ఏదైనా డీఎల్ఎల్ లేదని మొరాయిస్తే, డౌన్‌లోడ్ నొక్కకముందు ఆ పేరు చివరి అంకె ఒకసారి పైకి చదవండి.