లేవని కంప్యూటర్... పోని ఫైళ్లు

కంప్యూటర్ ఆన్ చేస్తే నల్లటి తెర మీద ఇంగ్లిష్‌లో ఒక ముక్క కనిపించి అక్కడే ఆగిపోతుంది. ఎన్ని మీటలు నొక్కినా ఉలుకూ పలుకూ ఉండదు. అప్పుడు మెషీన్ ధర ఎవరికీ గుర్తుకు రాదు. పెళ్లి ఫొటోలు, దుకాణం ట్యాలీ లెక్కలు, పిల్లాడి ప్రాజెక్టు రిపోర్టు... లోపలున్నవన్నీ పోయినట్టేనా అన్న బెంగ పట్టుకుంటుంది. చాలాసార్లు ఏమీ పోయి ఉండదు. లేవనిది విండోస్, ఫైళ్లు మాత్రం ఎక్కడివక్కడే ఉంటాయి. ఈ తేడాను ఆసరా చేసుకునే ఒక విద్య పుట్టింది, దాని చుట్టూ ఒక వ్యాపారం పెరిగింది. విచిత్రం ఏమిటంటే, పీసీ పుట్టిన కొత్తలో అసలు ఈ సమస్యే లేదు.

కోటి బైట్ల పెట్టె

1981 ఆగస్టులో ఐబీఎం తన తొలి పీసీని విడుదల చేసినప్పుడు అందులో హార్డ్‌డిస్క్ లేదు. రెండు ఫ్లాపీ డ్రైవులున్న మెషీన్‌లో ‘ఏ’ డ్రైవులో డాస్ అనే ఆపరేటింగ్ సిస్టమ్ ఉన్న ఫ్లాపీ, ‘బీ’ డ్రైవులో మన ఫైళ్ల ఫ్లాపీ పెట్టుకోవడం రివాజు. కంప్యూటర్‌ని లేపేది ఒకటి, రాతకోతలు దాచుకునేది వేరొకటి. మెషీన్ మొరాయిస్తే ఫ్లాపీ తీసుకెళ్లి పక్క మెషీన్‌లో పెట్టుకుంటే పని నడిచిపోయేది.

1983 మార్చిలో వచ్చిన పీసీ ఎక్స్‌టీతో కథ మారింది. అందులో 10 ఎంబీల హార్డ్‌డిస్క్ ఉంది. ఏ, బీ అక్షరాలు ఫ్లాపీలకు పోగా దానికి ‘సీ’ దక్కింది. డాస్, ఫైళ్లు రెండూ సీలు వేసిన ఒకే పెట్టెలో కాపురం పెట్టాయి. సౌకర్యం పెరిగింది, దాని వెనకే ఈ సమస్యా పుట్టింది.

హార్డ్‌డిస్క్ నుంచి కంప్యూటర్ లేచే తీరు ఒక గొలుసు. మదర్‌బోర్డు మీది బయోస్ ముందుగా డిస్క్‌లోని మొట్టమొదటి సెక్టార్‌ని చదువుతుంది. దాని పరిమాణం 512 బైట్లు. అందులో 446 బైట్లు ఒక చిన్న ప్రోగ్రాముకు, 64 బైట్లు డిస్క్‌లో ఏ భాగం ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో చెప్పే పార్టిషన్ టేబుల్‌కు, చివరి 2 బైట్లు గుర్తింపు ముద్రకు పోతాయి. ఆ ప్రోగ్రాము మరొకదాన్ని లేపితే, అది ఆపరేటింగ్ సిస్టమ్‌ని లేపుతుంది. ఎక్స్‌టీలో ఆ 512 బైట్లు చెడితే చాలు, మిగతా కోటి బైట్లూ చెక్కుచెదరకపోయినా కంప్యూటర్ లేవదు.

తొలి విరుగుడు కూడా పాత పద్ధతిలోనే దొరికింది. డాస్ ఉన్న ఫ్లాపీని ‘ఏ’ డ్రైవులో పెట్టి దాంతో మెషీన్‌ని లేపి, ‘సీ’లోని ఫైళ్లను వేరే ఫ్లాపీల్లోకి కాపీ చేసుకోవడమే ఆ విరుగుడు. ఒకే పెట్టెలో చేరిన రెంటినీ కాసేపు వేరు చేయడం అన్నమాట. తర్వాతి కాలంలో వచ్చిన ఉపాయాలన్నీ దీని కొనసాగింపులే.

నార్టన్ పట్టుకున్న కిటుకు

మెషీన్ లేచినా ఫైలు కనిపించకపోతే? 1982లో పీటర్ నార్టన్ అనే అమెరికన్ ప్రోగ్రామర్‌కు ఈ చిక్కే వచ్చింది. పొరపాటున ఒక ఫైలు చెరిపేసుకున్న ఆయన, మళ్లీ మొత్తం టైపు చేయడానికి మనసొప్పక, పోయిన ఫైలును వెతికి తెచ్చే ప్రోగ్రాము రాసుకున్నాడు. అదే అన్‌ఇరేజ్. దానికి మరికొన్ని పనిముట్లు చేర్చి నార్టన్ యుటిలిటీస్ పేరుతో అమ్మాడు. 1990లో ఆయన కంపెనీని సిమాంటెక్ కొనేసింది.

ఆ కిటుకు డాస్ బద్ధకంలో ఉంది. ఫైలును చెరపమంటే డాస్ దాని పేరులోని మొదటి అక్షరం స్థానంలో ఈ5 అనే గుర్తు పెట్టి, ఫైల్ అలొకేషన్ టేబుల్‌లో ఆ జాగా ఖాళీ అని రాసుకుంటుంది. అసలు ఫైలు జోలికే పోదు. పహాణీలో రైతు పేరు కొట్టేసినంత మాత్రాన పొలంలో పైరు మాయం కాదు, మరొకరు వచ్చి దున్నేదాకా అది నిలిచే ఉంటుంది. ఫైలూ అంతే. అందుకే అలాంటి ప్రోగ్రాములు ఫైలును తెచ్చి చూపిస్తూనే, పేరులో మొదటి అక్షరం ఏమిటో మీరే చెప్పండని అడిగేవి. డాస్ పారేసినవాటిలో ఆ అక్షరం కూడా ఉండేది మరి.

ఫార్మాట్ విషయంలోనూ ఇదే తంతు. హార్డ్‌డిస్క్‌ని ఫార్మాట్ చేసినప్పుడు డాస్ పట్టికలనే తుడిచేది, లోపలి సరుకు చాలావరకు ఉండిపోయేది. 1991లో వచ్చిన ఎంఎస్-డాస్ 5.0లో మైక్రోసాఫ్ట్ అన్‌డిలీట్, అన్‌ఫార్మాట్ అనే రెండు ఆదేశాలను చేర్చింది. వాటిని సెంట్రల్ పాయింట్ సాఫ్ట్‌వేర్ అనే కంపెనీ దగ్గర లైసెన్సుకు తీసుకుంది. అలా ఒక ప్రోగ్రామర్ సొంత అవసరానికి పుట్టిన విద్య పదేళ్లు తిరక్కుండా ప్రతి పీసీతోనూ వచ్చే సరంజామాలో భాగమైంది.

ఒక్క ఎంబీ విధ్వంసం

ఈ విద్యకు అసలు పరీక్ష 1999 ఏప్రిల్ 26న ఎదురైంది. తైవాన్ విద్యార్థి చెన్ ఇంగ్-హౌ రాసిన సీఐహెచ్ వైరస్ ఆ రోజు పడగ విప్పింది. చెర్నోబిల్ ప్రమాదం జరిగిన తేదీ కూడా అదే కావడంతో దానికి చెర్నోబిల్ వైరస్ అన్న పేరు స్థిరపడింది. దక్షిణ కొరియా, టర్కీ, భారత్ సహా ఎన్నో దేశాల్లో ఆ రోజు ఆన్ చేసిన కంప్యూటర్లు మళ్లీ లేవలేదు. వైరస్ హార్డ్‌డిస్క్‌లో మొదటి ఒక ఎంబీని సున్నాలతో నింపేసింది. కొన్ని మదర్‌బోర్డుల్లో బయోస్‌ని సైతం చెరిపేసింది.

పార్టిషన్ టేబుల్ లేదు, బూట్ సెక్టార్ లేదు. చూడ్డానికి డిస్క్ మొత్తం ఖాళీ. కానీ కొత్తగా వచ్చిన ఎఫ్ఏటీ32 పద్ధతిలో ఫైళ్ల పట్టికకు రెండు ప్రతులుంటాయి. పెద్ద డిస్కుల్లో ఒక్కో ప్రతి ఒక ఎంబీని మించి ఉండటంతో మొదటిది దెబ్బతిన్నా రెండోది క్షేమంగా మిగిలింది. స్టీవ్ గిబ్సన్ అనే ప్రోగ్రామర్ దీన్ని పట్టుకుని, ఆ రెండో ప్రతి ఆధారంగా డిస్క్‌ని నిలబెట్టే ఫిక్స్-సీఐహెచ్‌ను రాసి ఉచితంగా ఇచ్చాడు. పాత ఎఫ్ఏటీ16 డిస్కులవాళ్లకు ఆ అదృష్టం తక్కువ. చిన్న పట్టికలు కావడంతో రెండు ప్రతులూ ఆ ఒక్క ఎంబీలోనే పడి కొట్టుకుపోయాయి.

బయోస్ పోయిన మెషీన్లకు వేరే దారి ఉండేది. డబ్బా విప్పి, హార్డ్‌డిస్క్ వెనక బుల్లి జంపర్‌ని మార్చి, మరో కంప్యూటర్‌లోని రిబ్బన్ కేబుల్‌కు ‘స్లేవ్’గా తగిలించేవారు. తొంభైల్లో చేయి తిరిగిన ఏ మెకానిక్‌కైనా ఇది వెన్నతో పెట్టిన విద్య.

ఫ్లాపీ ఓడింది, సీడీ గెలిచింది

ఈలోగా బూట్ ఫ్లాపీకి కాలం చెల్లింది. 1993లో విండోస్ ఎన్‌టీతో వచ్చిన ఎన్‌టీఎఫ్ఎస్ అనే ఫైల్ పద్ధతి డాస్‌కు అర్థం కాదు. ఫ్లాపీతో మెషీన్‌ని లేపినా అసలు డిస్క్ ఉన్నట్టే కనిపించేది కాదు. 1996లో మార్క్ రుసినోవిచ్, బ్రైస్ కాగ్స్‌వెల్ రాసిన ఎన్‌టీఎఫ్ఎస్‌డాస్ ఆ గోడకు కన్నం వేసింది. పదేళ్ల తర్వాత వాళ్ల కంపెనీ వింటర్నల్స్‌ని మైక్రోసాఫ్టే కొనుక్కుంది.

సీడీ నుంచి కంప్యూటర్ లేచే పద్ధతికి 1995లో ప్రమాణం కుదిరింది. ఐబీఎం, ఫీనిక్స్ కంపెనీల ఇంజనీర్లు కలిసి రూపొందించిన దానికి ‘ఎల్ టొరిటో’ అని పేరు. అది కాలిఫోర్నియాలో వాళ్లు భోంచేసిన ఒక రెస్టారెంట్ పేరు. ఆ దారిలోనే 2000లో జర్మనీకి చెందిన క్లాస్ నాపర్ ‘నాపిక్స్’ తెచ్చాడు. హార్డ్‌డిస్క్‌ని ముట్టకుండా మొత్తం లినక్స్‌ని ఒకే సీడీ మీంచి నడిపించడం దాని ప్రత్యేకత. కుదించి పెట్టడం వల్ల 700 ఎంబీల సీడీలో 2 జీబీల దాకా సాఫ్ట్‌వేర్ పట్టేది. విండోస్ లేవని మెషీన్‌లో ఆ సీడీ వేస్తే కాసేపటికి ఫోల్డర్లు తెర మీదికి వచ్చేవి. ఇప్పుడు సీడీ బదులు పెన్‌డ్రైవ్ వచ్చింది కానీ పద్ధతి మారలేదు.

అదే కాలంలో స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ ప్రపంచం మరిన్ని ఆయుధాలు అందించింది. ఫ్రాన్స్‌కు చెందిన క్రిస్టోఫ్ గ్రెనియే రాసిన టెస్ట్‌డిస్క్, పోయిన పార్టిషన్లను వెతికి టేబుల్‌ని తిరగరాస్తుంది. ఆయనదే అయిన ఫొటోరెక్ అసలు పట్టికల మీద ఆధారపడదు. ప్రతి రకం ఫైలుకూ మొదట్లో ఒక ఆనవాలు ఉంటుంది. జేపెగ్ ఫొటో ఎఫ్ఎఫ్ డీ8 ఎఫ్ఎఫ్ బైట్లతో మొదలవుతుంది. జిప్ ఫైలు ‘పీకే’ అక్షరాలతో మొదలవుతుంది, అవి దాన్ని రూపొందించిన ఫిల్ కాట్జ్ పొడి అక్షరాలు. నేటి వర్డ్ ఫైలు లోపల జిప్పే కాబట్టి దాని మొదట్లోనూ అవే ఉంటాయి. డిస్క్‌ని ఆ చివర నుంచి ఈ చివరదాకా ఈ ఆనవాళ్ల కోసం జల్లెడ పడితే ఫైళ్లు దొరుకుతాయి. పేర్లు, ఫోల్డర్లు మాత్రం రావు.

డిస్కే చావుబతుకుల్లో ఉంటే పద్ధతి వేరు. 2004లో ఆంటోనియో డియాజ్ డియాజ్ రాసిన జీఎన్‌యూ డీడీరెస్క్యూ ముందుగా తేలిగ్గా చదవగలిగిన భాగాలన్నీ వేరే డిస్క్‌లోకి కాపీ చేసి, మొండికేసిన చోట్లకు చివర్లో తిరిగి వస్తుంది. కొన ఊపిరితో ఉన్న డిస్క్‌కు ఏ చదువు ఆఖరిదో తెలియదు. దొరికేది ముందు దక్కించుకోవాలి.

నింగి నుంచి రాలిన డిస్క్

దీనికి పరాకాష్ఠ కొలంబియా అంతరిక్ష నౌక ఉదంతం. 2003 ఫిబ్రవరి 1న కల్పనా చావ్లా సహా ఏడుగురు వ్యోమగాములను బలిగొన్న ఆ ప్రమాదంలో జెనాన్ వాయువు మీద చేసిన ఒక ప్రయోగం తాలూకు 400 ఎంబీల హార్డ్‌డిస్క్ నేల రాలింది. కొన్ని నెలల తర్వాత ఎండిన చెరువు అడుగున అది దొరికింది. కవచం కాలిపోయింది, సర్క్యూట్ బోర్డు పనికిరాకుండా పోయింది. అమెరికాలోని ఆన్‌ట్రాక్ సంస్థ ఇంజనీర్ జాన్ ఎడ్వర్డ్స్ లోపలి పళ్లేలను శుభ్రం చేసి కొత్త డ్రైవులో అమర్చి 99 శాతం డేటా రాబట్టాడు. ఆ ప్రయోగ ఫలితాలు 2008లో ‘ఫిజికల్ రివ్యూ ఈ’ పత్రికలో అచ్చయ్యాయి. ఆ డిస్క్ డాస్‌తో నడిచింది. డాస్ డేటాను డిస్క్ నిండా వెదజల్లకుండా ఒక చోటే వరసగా రాయడం కలిసొచ్చింది.

ఫార్మాట్ కొట్టేద్దామా?

మన ఊళ్లలో ఈ విద్య రిపేరు షాపుల్లో వ్యాపించింది. లేవని సిస్టమ్‌కి అక్కడ వినిపించే మందు ఒకటే: ఫార్మాట్ కొట్టి కొత్తగా విండోస్ వేయడం. దాన్ని ఎరిగే డిస్క్‌ని సీ, డీ అని రెండు ముక్కలు చేసి, ముఖ్యమైనవి డీలో దాచుకోమని చెప్పే అలవాటు పుట్టింది. సిస్టమ్‌ని, ఫైళ్లను వేరు చేసే ఉపాయానికి ఇదొక దేశవాళీ రూపం. కాకపోతే డెస్క్‌టాప్, డాక్యుమెంట్స్ ఫోల్డర్లు సీలోనే ఉంటాయన్న సంగతి చాలామందికి ఫార్మాట్ కొట్టాకే తెలిసేది.

డీటీపీ సెంటర్లది ఇంకో తంటా. పేజ్‌మేకర్‌లో అను ఫాంట్లతో చేసిన పుస్తకాలు యూనికోడ్‌వి కావు. ఫైలు సలక్షణంగా బయటపడ్డా, ఆ ఫాంట్లు లేని కంప్యూటర్‌లో తెరిస్తే తెలుగుకు బదులు అర్థంకాని గుర్తుల వరసలు కనిపిస్తాయి. పాత డిస్క్ నుంచి రాతప్రతితో పాటు ఫాంట్ల ఫోల్డర్‌నీ తెచ్చుకుంటేనే రికవరీ పూర్తయినట్టు.

మళ్లీ ఒకే పెట్టె

ఇక్కడిదాకా కథ కోలుకోవడం గురించే. గత పదిహేనేళ్లలో గాలి ఎదురు తిరిగింది. హార్డ్‌డిస్కుల స్థానంలోకి వచ్చిన ఎస్ఎస్‌డీల్లో పాత డేటా మీదే నేరుగా కొత్తది రాయడం కుదరదు, ముందు చెరపాలి. అందుకని 2009లో విండోస్ 7 నుంచి ట్రిమ్ అనే ఆదేశం వచ్చింది. ఫైలు చెరిపినా, క్విక్ ఫార్మాట్ చేసినా ఆ జాగా ఇక అక్కర్లేదని సిస్టమ్ ఎస్ఎస్‌డీకి చెబుతుంది. అది తీరిక చూసుకుని నిజంగానే తుడిచేస్తుంది. నార్టన్ పట్టుకున్న ఆ కిటుకు అక్కడ పనిచేయదు. ముందు ఫార్మాట్ కొట్టి తర్వాత చూద్దామనే పాత ధీమాకు ఇప్పుడు చోటు లేదు.

రెండో మార్పు తాళం. 2007లో విండోస్ విస్టాతో వచ్చిన బిట్‌లాకర్ మొత్తం డ్రైవును రహస్య లిపిలోకి మార్చేస్తుంది. తర్వాత ఎన్నో ల్యాప్‌టాప్‌లలో యజమాని అడక్కుండానే అలాంటి తాళం పడుతోంది. ఆపిల్ 2018 మ్యాక్‌బుక్ ప్రోలలో స్టోరేజీని బోర్డుకే అతికించి, తాళంచెవిని టీ2 చిప్‌లో దాచింది. ఆ బోర్డు పోతే, డిస్క్ పీకి వేరే మెషీన్‌కి తగిలించే పాత చిట్కాకు ఆస్కారమే లేదు. దొంగ చేతికి చిక్కకుండా చేసిన ఏర్పాటే మెకానిక్‌నూ ఆపేస్తోంది.

2024 జూలై 19న ఇది లోకానికంతటికీ తెలిసొచ్చింది. క్రౌడ్‌స్ట్రైక్ భద్రతా సాఫ్ట్‌వేర్‌కు వచ్చిన ఒక తప్పుడు అప్‌డేట్ వల్ల, మైక్రోసాఫ్ట్ అంచనా ప్రకారం, 85 లక్షల విండోస్ మెషీన్లు చతికిలపడ్డాయి. హైదరాబాద్ విమానాశ్రయంలో సైతం చేత్తో రాసిన బోర్డింగ్ పాసులు ఇవ్వాల్సి వచ్చింది. ఫైళ్లకు ఏ ఢోకా లేదు. సేఫ్ మోడ్‌లోకి వెళ్లి ఒక్క ఫైలు చెరిపితే మెషీన్ లేస్తుంది. కానీ బిట్‌లాకర్ ఉన్న చోట ముందుగా 48 అంకెల రికవరీ కీ కొట్టాలి. అది దగ్గర లేని ఆఫీసుల్లో పని అక్కడే ఆగింది.

మెషీన్ లేవనప్పుడు చేయాల్సిన పనుల వరస ఇప్పటికీ పాతదే. కొత్తగా విండోస్ వేయొద్దు. పెన్‌డ్రైవ్ నుంచి లినక్స్‌తో లేపి గానీ, డిస్క్‌ని బయటికి తీసి యూఎస్‌బీ కేబుల్‌తో వేరే కంప్యూటర్‌కి తగిలించి గానీ ముందు ఫైళ్లు తీసుకోవాలి, రిపేరు ఆ తర్వాత. డిస్క్ నుంచి టకటకమని చప్పుడు వస్తుంటే వెంటనే కరెంటు తీసేసి నిపుణులకు అప్పగించాలి. మారిందల్లా బాధ్యత. ఒకప్పుడు ఫైళ్లు దక్కడం మెకానిక్ పనితనం మీద ఆధారపడేది. ఇప్పుడు అది మెషీన్ బాగున్న రోజున యజమాని చేసుకున్న రెండు పనుల మీద ఉంది: ఫైళ్ల ప్రతి ఒకటి వేరే చోట పెట్టడం, రికవరీ కీని కాగితం మీద రాసి దాచడం. ఎంతటి నేర్పరైనా ఆ 48 అంకెల్ని ఊహించి చెప్పలేడు.