రైతుబిడ్డ తీసిన సంపాదకుడు

ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర విషయం వ్రాయమని మన కార్యదర్శిగారు అడిగినప్పుడు నాకు గూడవల్లి రామబ్రహ్మంగారు గుర్తుకు వచ్చారు. మా మనుమడు ‘ఆయనెవరు తాతా?’ అన్నాడు. సభ్యుల ఇళ్లలోనూ ఆ ప్రశ్న రావచ్చు గనుక నాలుగు మాటలు వ్రాస్తున్నాను.

ఆయన 1902లో కృష్ణా జిల్లాలో పుట్టారు. మద్రాసులో ‘ప్రజామిత్ర’ పత్రిక నడిపారు. పత్రిక చదవాలంటే చదువు రావాలి. మన పల్లెల్లో ఆనాడు అది ఎందరికి వచ్చు? సినిమాకు ఆ ఇబ్బంది లేదు. పురాణ కథలే రాజ్యమేలుతున్న 1938లో ఆయన ‘మాలపిల్ల’ తీశారు. కథ చలంగారిది, మాటలు తాపీ ధర్మారావుగారివి. పూజారి కొడుకు హరిజన కన్యను ప్రేమించడం, హరిజనులు గుడి ప్రవేశం కోరడం అందులోని విషయం. నాయిక కాంచనమాల. మద్రాసు రాష్ట్రంలో దేవాలయ ప్రవేశ చట్టం వచ్చింది ఆ మరుసటి ఏడాదే.

నాకు ఇంకా గొప్పగా తోచేది 1939 నాటి ‘రైతుబిడ్డ’. రచన గోపీచంద్‌గారిది. పాటలు వ్రాసిన కొసరాజుగారికి సినిమా కొత్త. రైతు నర్సిరెడ్డిగా మన సీమవాసి, వకీలు బళ్ళారి రాఘవగారు నటించారు. జమీందారు చెప్పినవారికి గాక రైతుల మనిషికి ఓటు వేయడమే ఆ రైతు చేసిన నేరం! ప్రకాశంగారి అధ్యక్షతన జమీందారీ విచారణ సంఘం నివేదిక ఇచ్చిన మరుసటి ఏడాది ఇది. జమీందార్లు ఊరుకుంటారా? ప్రదర్శనను నిషేధింపజేశారు. ఇందులో విచిత్రమేమంటే, ఈ చిత్రాలు తీసిన సారథి సంస్థకు అండ చల్లపల్లి రాజావారు. ఆయనా జమీందారే.

మాది ఐరాల. నేను రెవెన్యూ గుమాస్తాగా చేరింది 1974లో. జమీందారీ రద్దు చట్టం 1948లోనే వచ్చింది గదా. అయినా ఒక కచేరిలో పట్టా నకలు కోసం వచ్చిన ముసలి రైతు చెప్పులు వాకిట్లో విడిచి, తలగుడ్డ చంకలో పెట్టుకుని, పొద్దుగూకేదాకా నిలబడ్డాడు. ‘కూర్చోప్పా’ అంటే కూర్చోలేదు. ఆ కాగితం ఆ రోజు ఇవ్వలేకపోయాము. అందులో నా ఆలస్యమూ ఉంది. చాలా ఏండ్ల తరువాత నర్సిరెడ్డి కథ తెలిసినప్పుడు ఆ ముసలాయనే కళ్ల ముందు నిలిచాడు.

తరువాత రామబ్రహ్మంగారు ‘ఇల్లాలు’, ‘పత్ని’, ‘పంతులమ్మ’, ‘మాయాలోకం’ వగైరా తీశారు. వాటిలో మొదటి రెంటి పదును లేదని నా అభిప్రాయం; కాదనేవారు ఉండవచ్చు. ఆఖరున పల్నాటి వీరుల కథ ఎత్తుకున్నారు. అన్ని కులాలకూ చాపకూడు పెట్టించిన బ్రహ్మనాయుడి కథ ఆయనకు నచ్చడంలో వింత లేదు. అది పూర్తికాకుండానే 1946లో కన్నుమూశారు. అప్పటికి ఆయనకు నలభై నాలుగేండ్లు. మిగిలిన పని ఎల్.వి. ప్రసాద్‌గారు పూర్తిచేయగా, ‘పల్నాటి యుద్ధం’ 1947లో విడుదలైంది.