ఎయిర్ ఫోర్స్ అకాడమీ, దుండిగల్

ఎయిర్ ఫోర్స్ అకాడమీ (వైమానిక దళ అకాడమీ) తెలంగాణ రాష్ట్రంలో, హైదరాబాదు నగరానికి ఉత్తరాన దుండిగల్ వద్ద ఉన్నది. భారత వైమానిక దళంలో పైలట్లుగా చేరేవారు విమానం నడపడంలో ఓనమాలు దిద్దుకొనేది ఇక్కడే. అకాడమీ ప్రాంగణం సుమారు 7 వేల ఎకరాలలో విస్తరించి ఉన్నది.

చరిత్ర

హైదరాబాదుకు సైనిక విమానాలతో ఉన్న సంబంధం ఈ అకాడమీ కంటె చాలా పాతది. మొదటి ప్రపంచ యుద్ధంలో బ్రిటిషు వైమానిక దళపు 110వ స్క్వాడ్రన్ విమానాల ఖర్చును ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ భరించినందున దానికి హైదరాబాద్ స్క్వాడ్రన్ అనే పేరు వచ్చింది. అయితే ఆ విమానాలు ఎగిరినది ఐరోపాలో. రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో బేగంపేటలో నెలకొల్పిన ప్రాథమిక పాఠశాలలో టైగర్ మాత్ విమానాలపై సైనిక పైలట్ల శిక్షణ సాగింది.

స్వాతంత్ర్యానంతరం జోధ్‌పూర్, అలహాబాదు, బేగంపేట, హకీంపేట మొదలైన చోట్ల వేర్వేరుగా శిక్షణ ఇచ్చేవారు. దానికి ఒక శాశ్వత కేంద్రం ఉండాలన్న ఉద్దేశంతో దుండిగల్ అకాడమీని తలపెట్టారు. 1967 అక్టోబరు 11న అప్పటి రాష్ట్రపతి జాకీర్ హుస్సేన్ శంకుస్థాపన చేశారు. (ఆయన జన్మస్థలం హైదరాబాదే.) 1971లో అకాడమీ పని మొదలుపెట్టింది.

శిక్షణ

ఖడక్‌వాస్లాలోని నేషనల్ డిఫెన్స్ అకాడమీ, ఈ అకాడమీ ఒకటేనని కొందరు విద్యార్థులు పొరబడుతుంటారు. అక్కడ ఇంటర్మీడియట్ తరువాత చేరి మూడేళ్ళు చదివినవారిలో వైమానిక దళానికి ఎంపికైనవారు ఆపై దుండిగల్ వస్తారు. పట్టభద్రులు పోటీ పరీక్షల ద్వారా నేరుగా ఇక్కడ చేరవచ్చును. మొదటి దశ పూర్తయిన పిదప ఫైటర్, రవాణా విమానం, హెలికాప్టరు అనే మూడు శాఖలుగా విడిపోతారు. హెలికాప్టరు శిక్షణ హకీంపేటలో, ఫైటర్ పైలట్లకు హాక్ జెట్ శిక్షణ బీదరులో జరుగుతాయి.

మహిళా పైలట్ల తొలి బృందం 1994లో ఇక్కడి నుండి వెలువడినది. ఫైటర్ శాఖ తలుపులు తెరుచుకోవడానికి మరో రెండు దశాబ్దాలు పట్టింది. 2016 జూన్ 18న అవనీ చతుర్వేది, భావనా కాంత్, మోహనా సింగ్ ఆ శాఖలో నియమితులైనారు.

శిక్షణ విమానాలు

అకాడమీ చరిత్రలో అన్నిటికంటె క్లిష్టమైన ఘట్టం తొలి పాఠాల విమానానికి సంబంధించినది. హిందూస్తాన్ ఏరోనాటిక్స్ తయారుచేసిన హెచ్‌పీటీ-32 దీపక్ విమానంపై చాలాకాలం ప్రాథమిక శిక్షణ సాగింది. గాలిలో ఇంజను ఆగిపోవడం దీనికి పదేపదే వచ్చిన జబ్బు. ప్రమాదంలో పైలట్ బయటపడేందుకు ఎజెక్షన్ సీటు కూడా ఇందులో లేదు. 2009 జూలై 31న మెదక్ జిల్లాలో ఒక దీపక్ కూలి ఇద్దరు శిక్షకులు మరణించడంతో వీటిని నిలిపివేశారు.

చేతిలో మరొక ప్రాథమిక విమానం లేదు. తరువాతి దశకు ఉద్దేశించిన కిరణ్ జెట్ విమానాలనే కొత్తవారికీ ఇవ్వవలసి వచ్చింది. ఒక్కొక్క విద్యార్థికి దొరికే ఎగిరే గంటలు తగ్గిపోయాయి. సైకిలు తొక్కడం రానివానికి నేరుగా మోటారు సైకిలు ఇచ్చినట్లే ఇది. 2012లో స్విట్జర్లాండు సంస్థ పిలాటస్‌తో 75 పీసీ-7 మార్క్ 2 విమానాలకు ఒప్పందం కుదిరింది. 2013లో అవి దుండిగల్ చేరాయి. వీటిలో ఎజెక్షన్ సీట్లు ఉన్నాయి. అయినను 2023 డిసెంబరు 4న తూప్రాన్ సమీపంలో ఒక పిలాటస్ కూలి శిక్షకుడు, శిక్షణార్థి ఇద్దరూ మృతి చెందారు. అదే సంవత్సరం మార్చిలో హిందూస్తాన్ ఏరోనాటిక్స్‌తో 70 హెచ్‌టీటీ-40 ప్రాథమిక శిక్షణ విమానాలకు ప్రభుత్వం ఒప్పందం చేసుకున్నది.