జ్వాలలో పెరిగిన కెంపు

కెంపు కురువిందం అనే ఖనిజపు ఒక రూపం. అల్యూమినియం, ఆక్సిజన్ పరమాణువులు ఒకే క్రమంలో బారులు తీరి ఏర్పడే ఈ స్ఫటికంలో కొద్దిపాటి క్రోమియం చేరడం వల్లనే దానికి ఎరుపు వస్తుంది. కూర్పు ఇంత సరళమని తెలిశాక దానిని ప్రయోగశాలలో తయారు చేయాలన్న కోరిక ఫ్రాన్సు రసాయన శాస్త్రజ్ఞులకు కలిగింది. 1837లో మార్క్ గోదాన్ పటికను క్రోమియంతో కలిపి కరిగించి ఎర్రని గుళికలు సాధించినా, చల్లారేసరికి అవి పారదర్శకత కోల్పోయాయి. 1877లో ఎద్మోన్ ఫ్రెమీ, ఫెయిల్ అనే ఇద్దరు అల్యూమినాను, అంటే అల్యూమినియం ఆక్సైడును, సీసపు ఆక్సైడుతో కలిపి రోజుల తరబడి కాచి నిజమైన కెంపు స్ఫటికాలనే పొందారు గాని, అవి నగలో పొదగడానికి పనికిరానంత పలుచని రేకులు. 1880ల మధ్యలో జెనీవా కెంపుల పేరిట అంగళ్లకు చేరిన రాళ్లు సహజ రత్నాలుగా అమ్ముడైనా, వాటి లోపలి గాలిబుడగలు అవి మంటలో పుట్టినవని పట్టించాయి.

చిక్కుముడిని విప్పినవాడు ఫ్రెమీ శిష్యుడు ఒగస్ట్ వెర్నాయ్. తన పద్ధతి వివరాలను 1891, 1892లలో ముద్ర వేసిన కవర్లలో పారిస్ శాస్త్ర అకాడమీ వద్ద దాచి, 1902లో లోకానికి వెల్లడించాడు. శుద్ధమైన అమ్మోనియం పటికను కాల్చి తీసిన మెత్తని అల్యూమినా పొడిని ఒక డబ్బాలో ఉంచి, చిన్న సుత్తి దానిని తట్టేకొద్దీ పొడి కొంచెం కొంచెంగా ఆక్సిజన్, హైడ్రోజన్ కలిసి మండే జ్వాలలోకి రాలేలా అమర్చాడు. సుమారు 2050 డిగ్రీల సెల్సియస్ వద్ద కరిగిన ఆ రేణువులు కింది పీఠం మీద పడి గట్టిపడుతుంటే, పీఠాన్ని అదే నిదానంతో దించుతూ పోవాలి. ఇందులోని అసలు మర్మం పీఠానికీ స్ఫటికానికీ మధ్య ఆనుడు వీలైనంత సన్నగా ఉంచడం. మొదలు వెడల్పుగా ఉంటే చల్లారేటప్పుడు పుట్టే ఒత్తిడికి రాయి బీటలు వారుతుంది. సన్నని మొన నుంచి పెరిగితే చాలాసార్లు ఒకే క్రమం గల స్ఫటికం, అంటే ఏకస్ఫటికం, బుడ్డి ఆకారంలో తయారవుతుంది. వేడి కంటే నిదానమే ప్రధానమని గుర్తించడం వెర్నాయ్ నిజమైన ఘనత. స్ఫటికాల పెంపకం ఒక క్రమబద్ధమైన శాస్త్రంగా ఎదగడానికి ఆ గుర్తింపే గట్టి పునాది అయిందని చెప్పాలి.

1907 నాటికే ఈ పద్ధతిలో ఏటా 1,000 కిలోల రత్నాలు తయారయ్యాయి. ఇనుము, టైటానియం ఆక్సైడులు కలిపి నీలాలు కూడా పెంచారు. 1914లో స్విట్జర్లాండులోని మాంతేలో ఝెవాహిర్జియాన్ కర్మాగారం వెలిసింది. భూతద్దంలో చూస్తే సహజ కెంపులోని తిన్నని పెరుగుదల గీతలకు బదులు వీటిలో వంపు గీతలు కనిపిస్తాయి కనుక రత్నపరీక్షకులు వీటిని పోల్చగలిగారు. అయితే ఈ రాళ్ల అసలు ఉపయోగం నగలలో కాక గడియారాలలో ఉంది. వజ్రం తరువాత అంతటి కాఠిన్యం గల కురువిందంలో చక్రాల ఇరుసులు తిరిగితే అరుగుదల చాలా తక్కువ. ఒకనాటి హెచ్‌ఎంటీ వాచీల మీద కనిపించిన "17 జ్యుయెల్స్" అన్న మాటకు అర్థం ఇటువంటి కృత్రిమ కెంపులే.

1960 మే 16న కాలిఫోర్నియాలోని మాలిబులో థియోడర్ మైమన్ మొట్టమొదటి లేజర్‌ను వెలిగించినప్పుడు, ఆ ఎర్రని కాంతిని వెలువరించిన కడ్డీ కూడా వెర్నాయ్ జ్వాలా పద్ధతిలో పెంచిన కెంపే.